నెవిర అంటే

జనన మరణాల నమోదు కార్యాలయంలో గుమాస్తా రోజూ తొమ్మిదింటికి తలుపు తీసి, ముందు కిటికీ రెక్కలు తెరిచి, కుర్చీ మీద దుమ్ము దులిపి, సిరాబుడ్డి మూత తీసి ఒకసారి వాసన చూసేవాడు. ఎందుకు చూస్తాడో ఆయనకీ తెలీదు, ఇరవై మూడేళ్ళ అలవాటు. తర్వాత వరసలో ముందున్నవాళ్ళని పిలిచి, బిడ్డ పేరడిగి, అర్థమడిగి, పెద్ద రిజిస్టరులో రెండు గళ్ళల్లో రెండూ రాసేవాడు. రాసి నాలుగు అంకెలు లెక్కపెట్టేలోపు పేరు ఆరిపోయేది. ఆరాక నకలు తీసి, ముద్ర వేసి చేతికిచ్చేవాడు.

అర్థం ఉన్న పేరు ఆరుతుంది, లేనిది ఆరదు. అందరికీ తెలిసిన సంగతే కాబట్టి దాని గురించి ఎవరూ మాట్లాడుకునేవాళ్ళు కాదు. ఒకసారి ఒకాయన కూతురి పేరులో ఒత్తు మర్చిపోయి చెప్తే ఆ పేరు రెండు రోజులు తడిగానే ఉండిపోయింది. మూడో రోజు ఆయన భార్య వచ్చి ఒత్తు పెట్టించి, మొగుణ్ణి నలుగురిలో కడిగిపారేసి వెళ్ళింది. పేరు అక్కడికక్కడే ఆరింది.

ఆసుపత్రి లాండ్రీలో దుప్పట్లు ఇస్త్రీ చేసే ఒకావిడ ఒక రోజు నలభై రోజుల కూతుర్ని భుజాన వేసుకుని ఆ వరసలో నిలబడింది.

"పేరు?" అన్నాడు గుమాస్తా.

"నెవిర."

"నెమలా?"

"నెవిరండీ. నె, వి, ర."

రాశాడు. "అర్థం?"

"ఇంకా తెలీదు."

గుమాస్తా తలెత్తాడు. "ఇంకా తెలీదంటే?"

"తెలిశాక చెప్తాను. మీరు పేరు రాయండి."

"రాశానమ్మా. చూడు." ఇద్దరూ రిజిస్టరు వైపు చూశారు. ఆయన నాలుగు లెక్కపెట్టాడు. పది లెక్కపెట్టాడు. అరవై దాటాక లెక్క మానేశాడు. మూడు అక్షరాలూ అప్పుడే రాసినట్టు నిగనిగలాడుతున్నాయి. "ఎక్కడ దొరికింది తల్లీ ఈ పేరు?"

"నా నోట్లో."

"అదిగో, గోడ మీద నలభై పేర్లున్నాయి. ఏదడిగినా చిటికెలో ఆరుతుంది. ఒకటి ఎంచుకో."

"నా కూతురు చిటికెలో రాలేదండీ," అంది ఆవిడ. గొంతు పెంచలేదు. భుజం మార్చుకుని అక్కడే నిలబడింది.

గుమాస్తా మెత్తటివాడే గానీ నియమాల పుస్తకం మెత్తనిది కాదు. అది తెరిచి చదివి వినిపించాడు. పేరు ఆరేదాకా నకలు ఇవ్వకూడదు. తడి పేజీ తిప్పకూడదు, రిజిస్టరు మూయకూడదు. బిడ్డకి ఆరేళ్ళు నిండేలోపు ఆరకపోతే స్పాంజితో తుడిచేసి, గోడ మీది పట్టికలోంచి వరస ప్రకారం వచ్చిన పేరు రాసెయ్యాలి.

"ఆరేళ్ళు ఉందిగా," అంది ఆవిడ.

"ఆరేళ్ళకీ ఆరకపోతే?"

"ఆరుతుంది."

ఆయన ఆ రిజిస్టరుని అలాగే తెరిచి కిటికీ పక్కన చిన్న బల్ల మీద పెట్టి, మర్నాటి నుంచి కొత్తది మొదలుపెట్టాడు.

ఆ పేరు ఎలా పుట్టిందంటే, ఆవిడ పద్దెనిమిది గంటలు నొప్పులు పడింది. బిడ్డ బయటికొచ్చింది గానీ ఏడవలేదు. డాక్టరమ్మ చెయ్యాల్సిందంతా చేసింది. నర్సు అరికాళ్ళు రుద్దింది, వీపు తట్టింది. గోడ గడియారం టక్ టక్ మంటోంది. కాసేపటికి డాక్టరమ్మ చేతి తొడుగులు తీసి పళ్ళెంలో పడేసింది. నర్సు ఒక తెల్ల గుడ్డ అందుకుంది. మంచం మీదున్న ఆవిడ ఆ గుడ్డని గుర్తుపట్టింది. రెండు రోజుల కింద తనే ఇస్త్రీ చేసి మడత పెట్టిన గుడ్డ. ఎందుకు తీస్తున్నారో అర్థమైంది. బిడ్డని పిలవాలని నోరు తెరిచింది. పిలవడానికి పేరు లేదు, అరిచి అరిచి గొంతూ లేదు. ఆ గొంతులోంచి అంతకు ముందు ఎప్పుడూ విననీ అననీ ఒక మాట వచ్చింది. "నెవిరా!"

బిడ్డ కాలి బొటనవేలు కదిలింది. తర్వాత ఏడ్చింది, వార్డంతా వినపడేలా.

"పిలిచాను, పలికింది. అదే దాని పేరు," అంది ఆవిడ మొగుడితో.

మొగుడు సిటీ బస్సు డ్రైవరు. రోజంతా హారన్లతో వేగి వచ్చేవాడు కాబట్టి ఇంట్లో మాట పెరగనిచ్చేవాడు కాదు. అత్తగారు అలా కాదు.

"పేరంటే పిలిస్తే బావుండాలి, అడిగితే చెప్పుకునేలా ఉండాలి," అంది. "ఇదేంటే, తుమ్మినట్టుంది!"

"తుమ్మినట్టున్నా అదే అత్తయ్యా."

"పోనీ ఒక పని చేద్దాం," అన్నాడు డ్రైవరు. "ఇంట్లో నెవిర అని పిలుచుకుందాం, కాయితంలో ఇంకోటి రాయిద్దాం. ఎందుకొచ్చిన తంటా?"

"కాయితంలో ఇంకోటి ఉంటే బళ్ళో ఇంకోటే పిలుస్తారు. పిలవగా పిలవగా అదే అయిపోతుంది. అది పలికిన పేరు ఏమైపోవాలి?"

ఆయన కంచంలో చెయ్యి కడిగేసుకున్నాడు.

మొదటి ఏడాది ఆవిడ చెయ్యని ప్రయత్నం లేదు. లాండ్రీ నుంచి ఇస్త్రీపెట్టె మూట గట్టుకుని వెళ్ళి, గుమాస్తాని బతిమాలి, పేజీ మీద పాత గుడ్డ పరిచి వేడిగా అదిమింది. గుడ్డ మీద నెవిర తిరగబడి దిగింది. పేజీ మీద ఎప్పటిలాగే తడి. ఆ వీధి చివర ఒక భాషా పండితుడు ఉండేవాడు, బడి నుంచి రిటైరైనవాడు. ఆయన దగ్గరికెళ్తే పేరుని మూడు ముక్కలు చేసి, ఒక్కో ముక్కనీ ఒక్కో పాత భాషకి అంటగట్టి, "చల్లని వెలుగుని మోసుకొచ్చేది" అని తేల్చాడు. గుమాస్తా ఆ అర్థాన్ని పెన్సిలుతో గడిలో రాశాడు. పేరు ఆరలేదు సరికదా, పెన్సిలు రాత కూడా చెమ్మగిల్లి జారిపోయింది.

ఆడపడుచు ఫోన్లో వెతికింది. "వదినా, దొరికింది! నెవిర అంటే సముద్రపు నురగట." ఇంకాసేపటికి, "ఆగాగు, ఇక్కడ విజయం అని రాశారు." ఇంకాసేపటికి, "ఇంకోచోట తామర మొగ్గంటున్నారు. ఏది కావాలి నీకు?"

"నాకు కావలసింది కాదు. నిజమైంది."

"నిజమైంది ఫోన్లో ఎక్కడ దొరుకుతుంది?" అంది ఆడపడుచు, ఫోను పక్కన పడేసి.

ఆ తర్వాత ఆవిడ వెతకడం మానేసింది గానీ వెళ్ళడం మానలేదు. నెలకో మధ్యాహ్నం సెలవుండేది. పిల్లని చంకనేసుకుని, కొన్నాళ్ళకి చెయ్యి పట్టుకుని నడిపించుకుని కార్యాలయానికి వెళ్ళి, కిటికీ పక్కన రిజిస్టరు చూసి వచ్చేది. గుమాస్తా దాని మీద ఈగలు వాలకుండా పల్చటి తెర కట్టాడు. వానొస్తే ముందు ఆ కిటికీ మూసేవాడు. నాలుగేళ్ళప్పుడు పిల్ల తన పేరు మీద వేలు పెట్టింది.

"ముట్టుకోకమ్మా," అన్నాడు గుమాస్తా.

"నాదేగా," అంది పిల్ల, సిరా అంటిన వేలు చూసుకుంటూ. అక్షరం మాత్రం చెదరలేదు.

పిల్ల సామాన్యురాలు కాదు. దాగుడుమూతల్లో మిగతావాళ్ళు విసుగొచ్చి ఇళ్ళకి పోయాక కూడా దొరకని ఆ ఒక్కళ్ళ కోసం వెతుకుతూనే ఉండేది. పక్కింటివాళ్ళ తాళం పట్టేస్తే, పెద్దవాళ్ళు బద్దలు కొట్టడానికి సుత్తి తెచ్చేలోపు ఇంకోసారి తిప్పి చూసేది. ఎక్కువసార్లు తాళం వచ్చేది కాదు. పిల్లకి ఆ బెంగ ఉన్నట్టు కనపడేది కాదు.

అయిదేళ్ళు దాటాక ఒక రోజు పొద్దున్న, డ్రైవరు కూతుర్ని డిపోకి తీసుకెళ్ళి తన పక్క సీటులో కూర్చోబెట్టుకున్నాడు. బస్సు కదల్లేదు. తాళం తిప్పాడు, తిప్పాడు, ఇంజను మూలిగి ఊరుకుంటోంది. మెకానిక్కు బానెట్టు ఎత్తి చూసి తల అడ్డంగా ఊపాడు. ప్రయాణికులు తిట్టుకుంటూ దిగి వెనకాల బస్సెక్కారు. కండక్టరు కూడా దిగిపోయాడు.

"నాన్నా, ఇంకొక్కసారి," అంది పిల్ల.

"అయిపోయింది తల్లీ. బాటరీ చచ్చింది."

"నా కోసం."

డ్రైవరు నవ్వాడు. "సరే. ఇది నెవిర కోసం," అని తిప్పాడు. బస్సు మొత్తం ఒక్కసారి దగ్గి, అందుకుంది. మెకానిక్కు మీద నల్లటి పొగ కమ్ముకుంది. వాడు తుడుచుకుంటూ పడీపడీ నవ్వాడు.

అక్కణ్ణుంచి ఆ డిపోలో ఏ బస్సు మొరాయించినా, చివర్లో ఎవరో ఒకరు "నెవిర కోసం ఒకటి కొట్టు" అనేవాళ్ళు. వాడగా వాడగా 'కోసం' ఊడిపోయింది. "ఒక నెవిర కొట్టి చూడు" అనడం మొదలైంది. కండక్టర్లు ఆ మాటని అన్ని రూట్లలోకీ మోసుకెళ్ళారు. దర్జీలు సూదిలో దారం ఎక్కనప్పుడు అనేవాళ్ళు. కుళాయి రిపేరువాళ్ళు అనేవాళ్ళు. అత్తగారు కూడా ఒక రోజు మంచం దిగబోయి, మోకాళ్ళు పట్టేసి కూలబడి, "ఉండండే, ఇంకో నెవిర వేస్తాను" అంది. అన్నాక నాలిక్కరుచుకుని కోడలి వైపు చూసింది. కోడలు వినపడనట్టు బట్టలు మడతపెట్టుకుంటోంది.

ఆరేళ్ళు నిండడానికి ఇంకా వారం ఉందనగా, ఆవిడ ఉతికిన దుప్పట్ల బండి తోసుకుంటూ వార్డులోంచి వెళ్తోంది. అక్కడ కొత్తగా చేరిన కుర్ర డాక్టరు, కాలు విరిగి మూడు నెలలుగా నడవని ఒక పెద్దాయన్ని లేపుతున్నాడు. పెద్దాయన రెండుసార్లు లేవబోయి కూర్చుండిపోయి, ఇక నా వల్ల కాదన్నాడు.

"తాతగారూ, ఒక్క నెవిర వెయ్యండి. తర్వాత పడుకుందురుగాని," అన్నాడు డాక్టరు.

ఆవిడ బండి ఆపేసింది. "బాబూ, ఆ మాట ఎక్కడిది?"

"ఏ మాటండీ?"

"నెవిర."

డాక్టరు ఆవిణ్ణి వింతగా చూశాడు. "ఎక్కడిదేంటండీ, మాటే కదా. మీ ఇంట్లో అనరా?"

ఆవిడ బండి అక్కడే వదిలేసి కార్యాలయానికి పరిగెత్తింది. తెర ఎత్తి చూసింది. తడిగానే ఉంది. ఆవిడ బల్ల పట్టుకుంది.

"అందరూ అంటున్నారమ్మా, నేనూ వింటున్నాను," అన్నాడు గుమాస్తా. "కానీ ఏమని అంటున్నారు? బస్సువాళ్ళు తాళం తిప్పడాన్ని నెవిర అంటున్నారు. మా వీధి దర్జీ ఆఖరి కుట్టుని అంటున్నాడు. మా ఆవిడ నన్ను రెండోసారి కాఫీ అడగొద్దనడానికి వాడుతోంది. ఆ గడిలో నన్నేం రాయమంటావు?"

ఆవిడ తెర దించి, "సోమవారం వస్తాను," అంది. "ఆ రోజు దాకా గడువుందిగా?"

"ఉంది. ఆ రోజు మాత్రం నా చేతిలో స్పాంజి ఉంటుందమ్మా. నన్ను తిట్టుకోకు."

సోమవారం కార్యాలయం కిక్కిరిసి ఉంది. ఆవిడ వెంట మొగుడూ, అత్తగారూ, కొత్త సంచీ తగిలించుకున్న పిల్లా వచ్చారు. మర్నాడే బడి తెరుస్తారు. నకలు తెస్తేనే చేర్చుకుంటానని పెద్ద పంతులమ్మ ముందే చెప్పేసింది. గుమాస్తా రిజిస్టరుని మధ్య బల్ల మీదికి తెచ్చి, తడిపిన స్పాంజి పక్కన పెట్టుకున్నాడు. పట్టిక ప్రకారం వచ్చే పేరు ఏదో అత్తగారు గోడ మీద చదివి మొహం చిట్లించింది. ఆరేళ్ళ కింద ఆవిడే అలాంటి పేరు కావాలంది.

"అర్థం చెప్పమ్మా," అన్నాడు గుమాస్తా.

"అందరూ వదిలేశాక ఇంకోసారి ప్రయత్నించడం," అంది తల్లి. రాత్రంతా మనసులో దిద్దుకున్న మాటలు.

గుమాస్తా రాశాడు. పేరూ ఆరలేదు, అర్థమూ ఆరలేదు. ఇప్పుడు రెండు గళ్ళూ తడిగా మెరుస్తున్నాయి.

"అది కాదండీ," అన్నాడు వరసలో ఉన్న ఒక లారీ డ్రైవరు, మెడ సాచి. "ఇంకోసారి చేస్తే పని అయిపోవాలి. అయితేనే నెవిర. కాకపోతే ఉత్త ప్రయాసే."

"అయిపోతేనే అంటే ఎలా?" అంది అతని వెనక బాలింత. "అయ్యేది ముందే తెలిస్తే నెవిర ఎందుకు?"

"మా నెవిర బస్సు స్టార్టయింది కదండీ," అన్నాడు పిల్ల తండ్రి. అవతలి పక్షానికి బలమిస్తున్నానని ఆయనకి తట్టలేదు.

"అదే నేనంటున్నది!" అన్నాడు లారీ డ్రైవరు.

"నా మోకాళ్ళు పదిసార్లలో ఒక్కసారి కూడా లేవవు. మరి నేను వేసేది నెవిర కాదా?" అని అత్తగారు గయ్యిమంది.

తల్లి అందరినీ ఆపి, ఆ రోజు ప్రసవం గదిలో ఏం జరిగిందో చెప్పింది. తొడుగులు తీసేసిన డాక్టరమ్మ గురించి, తెల్ల గుడ్డ గురించి. ఆరేళ్ళలో బయటివాళ్ళ ముందు చెప్పడం అదే మొదలు. సంచీ తాడు నోట్లో పెట్టుకుని పిల్ల కూడా విన్నది.

"చూశారా," అన్నాడు లారీ డ్రైవరు, ఈసారి గొంతు తగ్గించి. "పిల్ల పలికింది కాబట్టే కదమ్మా దాన్ని నెవిర అన్నావు. పలక్కపోతే?"

తల్లి పిల్లని దగ్గరికి లాక్కుంది.

"పలక్కపోయినా నెవిరే."

ఆ మాట అన్నది వరసలో చివర నిలబడ్డ గడియారాల ఆవిడ. బజారు మొదట్లో గడియారాలు బాగుచేసే కొట్టు ఆవిడది. ఎవరితోనూ ఎక్కువ మాట్లాడని మనిషి. ఇప్పుడు మాత్రం వరస వదిలేసి ముందుకొచ్చింది.

"ఈవిడ పిలిచినప్పుడు పిల్ల పలుకుతుందని తెలుసా? తెలీదు. అయినా పిలిచింది. పిలిచినప్పుడే అది అయిపోయింది. పలకడం పిల్ల పని. రెండింటినీ కలపకండి. పలికినవాళ్ళనే లెక్కలోకి తీసుకుంటే, పిలిచి పిలిచి ఊరుకున్నవాళ్ళంతా ఏం చేసినట్టు?" ఆవిడ రిజిస్టరులో అర్థం గడి చూపించింది. "నెవిర అంటే, అందరూ వదిలేశాక ఇంకోసారి పిలవడం. అంతే. తర్వాతి సంగతి అందులో లేదు."

లారీ డ్రైవరు గడ్డం గోక్కున్నాడు. "అదీ నిజమే," అన్నాడు చివరికి. బాలింత తలూపింది. "అంతేగా మరి," అంది అత్తగారు, మొదటి నుంచీ తను చెప్తున్నది అదేనన్నట్టు.

గుమాస్తా గడిలో 'ప్రయత్నించడం' కొట్టేసి 'పిలవడం' అని రాశాడు. నాలుగు లెక్కపెట్టాడు. సిరా మీద మెరుపు ఒక అంచు నుంచి తగ్గుతూ వచ్చి, ర దగ్గర ఒక్క క్షణం ఆగి, అదీ ఆరిపోయింది. ఆయన వేలితో రుద్ది చూశాడు. వేలికి ఏమీ అంటలేదు. ముద్ర తీసి, కొట్టాల్సిన దానికన్నా గట్టిగా కొట్టాడు.

తల్లి నకలు అందుకుని, ఏడవకుండా నాలుగు మడతలు పెట్టి, ఇస్త్రీ చేసినట్టు అరచేత్తో నొక్కి, పిల్ల సంచీలో పెట్టింది. వెళ్ళేముందు గడియారాల ఆవిడ చేతులు రెండూ పట్టుకుంది.

గది పల్చబడింది. చివరికి గడియారాల ఆవిడ ఒక్కతే మిగిలింది.

"మీ పనేంటమ్మా?" అన్నాడు గుమాస్తా.

ఆవిడ చేతిలో ఫారం చూసుకుంది. మరణాల రిజిస్టరుకి సంబంధించింది. ఆవిడ తమ్ముడు తొమ్మిదేళ్ళ కింద తండ్రితో మాటామాటా వచ్చి ఇల్లు వదిలిపోయాడు. ఉత్తరం లేదు, కబురు లేదు. ఓడరేవులు, క్వారీలు, కూలీల హాస్టళ్ళు, దొరికిన నంబరల్లా తిప్పింది. ఇంట్లోవాళ్ళు ఒక్కొక్కరే ఊరుకున్నారు. ఏదో ఒకటి తేల్చెయ్యమని వాళ్ళమ్మ పోరితే, కిందటి వారం ఆ ఫారం తనే నింపింది. పోయిన తేదీ గడిలో 'తెలియదు' అని రాసింది.

గుమాస్తా మరణాల రిజిస్టరు దగ్గరికి లాక్కుని, కలం ముంచి పట్టుకున్నాడు.

"ఇవాళ వద్దులెండి," అంది ఆవిడ. ఫారం మడిచి చేతిసంచీలో పెట్టుకుని, గబగబా మెట్లు దిగి వెళ్ళిపోయింది.

పిల్ల బళ్ళో చేరింది. మొదటి రోజు హాజరులో పంతులమ్మ "నెవిర" అని పిలిస్తే క్లాసంతా గొల్లున నవ్వింది. మాట తెలుసు గానీ, అది ఒక మనిషి పేరని వాళ్ళకి తెలీదు. పిల్ల లేచి నిలబడి, నవ్వు ఆగేదాకా కూర్చోలేదు.

వానాకాలంలో ఒక మధ్యాహ్నం, తడిసిన గొడుగు గుమ్మంలో ఆనించి ఒక మనిషి లోపలికొచ్చాడు. నలభైకి దగ్గర్లో ఉంటాడు. తాళ్ళు పేనిన అరచేతులు కాయలు కాసి ఉన్నాయి. పుట్టిన నకలు కావాలన్నాడు. కాయితాలన్నీ పోయాయట.

"ఇన్నాళ్ళూ ఎక్కడున్నారు?" అన్నాడు గుమాస్తా, పాత రిజిస్టర్ల బీరువా తాళం తీస్తూ.

"తాళ్ళ ఫ్యాక్టరీలోనండి. వేరే పేరుతో." మిగతాది ఆ మనిషి అడక్కుండానే చెప్పాడు. "మా అక్క ఆ హాస్టలుకి అప్పుడప్పుడు ఫోన్ చేసేది. అలాంటివాడెవడూ లేడని నేనే చెప్పించేవాణ్ణి. ఏ మొహం పెట్టుకుని మాట్లాడతాను? ఒక సోమవారం సాయంత్రం మళ్ళీ మోగింది. గదిలో నేనొక్కణ్ణే ఉన్నాను. ఎత్తలేదు. ఆగిపోయింది. హమ్మయ్య అనుకుని సగం మెట్లు దిగాను. మళ్ళీ మోగింది."

"ఎత్తారా?"

"ఎత్తాను."

"ఏమన్నారు?"

"ఏమంటానండీ. ఊఁ అన్నాను. గుర్తుపట్టేసింది."

గుమాస్తా ముప్ఫై ఎనిమిదేళ్ళ కిందటి రిజిస్టరు బల్ల మీద పెట్టి, దుమ్ము ఊది, కళ్ళజోడు సర్దుకున్నాడు. బయట వాన జోరందుకుంది.

"పేరు?" అన్నాడు.

ఆ మనిషి చెప్పబోయి, తొమ్మిదేళ్ళుగా అలవాటైన పేరు నాలుక మీదికొస్తే మింగేశాడు. తర్వాత తన పేరు చెప్పాడు.